ఊఁ కొట్టే యంత్రం

అంగారకుడి మీద, అరుణనగరి గాజు గుమ్మటం కింద, పొద్దున్న ఏడయిందంటే చాలు, గదిగదిలోంచీ ఊఁలు మొదలవుతాయి. ముద్దు ఊఁలు, విసుగు ఊఁలు, ఆవులింతలో కలిసిపోయిన ఊఁలు. గదిలో మనిషి మాత్రం ఒక్కరే ఉంటారు.

అక్కణ్ణుంచి భూమికి మాట చేరడానికి పద్నాలుగు నిమిషాలు, బదులు రావడానికి మరో పద్నాలుగు. కాంతిని బతిమాలినా ఇంతకన్నా తొందరగా వెళ్ళదు. పైగా మన తెలుగువాళ్ళకో జబ్బుంది. అవతలివాళ్ళు ఊఁ కొట్టకపోతే మనకు మాట సాగదు. "బాగున్నావా, తిన్నావా, ఉంటాను మరి." అంతే. అలా రెండేళ్ళు పొడిపొడిగా మాట్లాడుకుని, విడాకుల అర్జీలు మాత్రం పేజీలకు పేజీలు రాసుకున్న జంటలు అరుణనగరిలో చాలానే ఉండేవి.

వాళ్ళ కోసమే ధ్వని ఇంజనీరు కుముదిని 'ప్రతిశ్రవణి' తయారుచేసింది. అదేమీ మాయ కాదు. జీవిత భాగస్వామి గొంతు ఉన్న పాత ఇంటి రికార్డింగులను అది వింటుంది. ఆ మనిషి ఎలాంటి మాటకు, ఎంత విరామం తర్వాత ఊఁ అంటారో నేర్చుకుంటుంది. మనం సందేశం చెబుతుంటే సరిగ్గా అక్కడ, అదే గొంతుతో ఊఁ అంటుంది. ఆ ఊఁలు కూడా సందేశంలోనే రికార్డవుతాయి. తన పనితీరు గురించి అడిగితే తప్ప మరో మాట అనదు; సలహా ఇవ్వదు, ఓదార్చదు. అయినా ఇక్కడా, భూమ్మీదా జనం గంటలు గంటలు మనసు విప్పి మాట్లాడుకోవడం మొదలుపెట్టారు. కుముదినిని అందరూ మెచ్చుకున్నారు.

అంత మెచ్చుకోలు పొందిన మనిషీ ఆ రోజు పొద్దుటినుంచీ తన యంత్రాన్ని తప్పించుకు తిరుగుతోంది. తిరుగు నౌకలో సీటు ఖాయం చేసుకోవడానికి సాయంత్రమే గడువు. విశాఖలో ఓడల మరమ్మతు పనిచేస్తూ మూడేళ్ళుగా ఎదురుచూస్తున్న భర్త అప్పలరాజు, ఆమె వచ్చేస్తోందనే అనుకుంటున్నాడు. ఆమెకు వెళ్ళాలని లేదు. దాని వెనక ఉన్న కారణం తొమ్మిదేళ్ళుగా అతనికి చెప్పలేదు. చెప్పకుండా ఇక్కడే ఉండిపోతే అది మోసమే అనిపించి, యంత్రం ముందు కూర్చుంది.

"రాజూ, నీతో ఒక మాట చెప్పాలి."

"ఊఁ," అంది యంత్రం, అచ్చం అతనిలాగే.

"డాక్టరు రిపోర్టు ఇచ్చిన రోజు గుర్తుందా? నేను అన్నం వారుస్తున్నాను. నువ్వు బట్టలు పిండుతూ నేను చెప్పేదానికల్లా ఊఁ కొడుతున్నావు."

"ఊఁ."

"మనకి పిల్లలు పుట్టరట, లోపం నాదేనట, అన్నాను."

యంత్రం పలకలేదు.

"నువ్వేమీ అనలేదు. తడిబట్టల బకెట్టు పట్టుకుని మేడెక్కిపోయావు. ఆ రోజునుంచీ నీతో ఒకే గదిలో ఉండాలంటే భయం నాకు. అందుకే ఇంత దూరం వచ్చేశాను."

మళ్ళీ నిశ్శబ్దమే. కుముదినికి ఒళ్ళు మండింది. తను చేసిన యంత్రమే, సమయం చూసుకుని, తన దగ్గరే చెడిపోవాలా? సందేశం అలాగే పంపేసి దాన్ని నిలదీసింది.

"ఎందుకు ఆగిపోయావు?"

"ఆయన ఆగే చోటు అదేనండీ."

"వినడం మానేసే చోటన్నమాట!"

"కాదండీ. ఆయన ఊఁ కొట్టిన మాటల్లో మూడో వంతు కూడా తర్వాత ఆయనకు గుర్తులేవు. మౌనంగా ఉన్నచోట విన్నవి మాత్రం ఏళ్ళ తర్వాత కూడా పొల్లుపోకుండా చెప్పారు. రికార్డింగులన్నిట్లో అంతే. మనసు పెట్టి విన్నప్పుడు ఆయనకు ఊఁ రాదు."

కుముదిని తొమ్మిదేళ్ళ కోపాన్ని ఏం చేసుకోవాలో తెలియక, బదులు వచ్చేదాకా గదిలో అటూ ఇటూ తిరిగింది.

ముప్పావుగంటకు అతని గొంతు వచ్చింది.

"ఇదేటి కుమీ, ఇవాళ కొత్తగా అంటున్నావు? పోయిన జూలైలో అంతా చెప్పేను కదా. మొదట నోరు పెగల్లేదు. నీ ఊఁ వింటుంటే ధైర్యం వచ్చి చెప్పేసేను. ఆఖరిదాకా ఒక్క చోటా ఆగలేదు నువ్వు. యంత్రమేనని తెలిసినా, ఎంత శ్రద్ధగా వింటోందో అనుకున్నాను. తర్వాత నువ్వు ఆ ఊసే ఎత్తలేదు. ఇంక తలుచుకోవడం ఇష్టం లేదేమో అని నేనూ ఊరుకున్నాను."

జూలైలోనా! కుముదిని పాత సందేశాలు తీసింది. ఉంది. దాని కింద, విన్నట్టు గుర్తు కూడా ఉంది. ఆ రోజు సర్క్యూట్లు అతికిస్తూ, పక్కన అతని గొంతు మోగుతుంటే వినేశాననుకుంది. ఆమె పంపిన బదులూ అక్కడే ఉంది: "సరే, జాగ్రత్త. కుళాయి బాగుచేయించావా?"

ఆ సందేశం మళ్ళీ పెట్టింది.

"నువ్వు చూస్తుండగా ఏడవకూడదని మేడెక్కేను, కుమీ."

"ఊఁ," అంది అందులో తన గొంతు.

"పిల్లలు లేకపోతే లేకపోయేరు. కిందకి దిగేసరికి నువ్వు నా మొహం చూడడం మానేసేవు. అదే తట్టుకోలేకపోయేను."

"ఊఁ."

"నువ్వు మళ్ళీ ఒక్కసారి నాకేసి చూస్తే చాలు. ఇంకేటీ అడగను."

"ఊఁ. ఊఁ."

ఆ ఊఁలను ఆపే మీట ఆమె యంత్రానికి పెట్టలేదు. ఊఁ వద్దనేవాళ్ళు ఉంటారని ఆమెకు తోచనేలేదు. రెండు చేతులతో నోరు గట్టిగా మూసుకుని, అతని మాటలు చివరిదాకా వింది. తర్వాత నౌకలో సీటు ఖాయం చేసి, కన్నీళ్ళు తుడుచుకుని, మూడేళ్ళ నాటి మొదటి సందేశం దగ్గర్నుంచి వినడం మొదలుపెట్టింది.