నలభై మూడో చావు

ఆ శనివారం ఉదయం కూడా శశికళ కూతురి మామగారికి పంచదార వెయ్యకుండానే కాఫీ ఇచ్చింది. ఆయన తన ఇంట్లో దిగిన మూడు వారాలుగా ఆమె తీర్చుకుంటున్న కసి అది. ఆయన మాత్రం "గ్రాసియాస్" అని థాంక్స్ చెప్పి చుక్క మిగలకుండా తాగి నవ్వాడు. ఆ నవ్వు చూస్తే ఆమెకు ఒళ్ళు మండింది.

ఆయన పేరు ఆన్సెల్మో. స్పెయిన్‌లో దెయ్యాల సినిమాల్లో, కౌబాయ్ సినిమాల్లో చిన్న వేషాలు వేసి ముసలివాడయ్యాడు. కాటికాపరి, గూని నౌకరు, తాగుబోతు షెరీఫ్. వేషం ఏదైనా సగం సినిమా కాకుండానే చచ్చిపోవడం ఆయన పని. అలా నలభై రెండుసార్లు చచ్చాడు. ఇన్నాళ్ళకు అమెరికాలోని అభిమానులు ఆయనకు సన్మానం తలపెట్టారు. ఆ సాయంత్రమే, వీళ్ళుండే క్యారీ ఊళ్ళోనే. కోడలు ఇషా ఏడాదిపాటు పాత టేపులు వెతికి ఆ చావులన్నీ ఒక డీవీడీలోకి ఎక్కించింది. తర్వాత ల్యాప్‌టాప్ పాడైపోయింది. మిగిలింది ఆ ఒక్క డిస్కే.

ఇప్పుడది శశికళ చేతిలో ఉంది. రెండో చేతిలో వంటింటి కత్తెర.

మూడేళ్ళ కిందట, 2008లో, ఇషా పెళ్ళి పందిట్లో ఆన్సెల్మో తనవాళ్ళకు శశికళను చూపించి ఏదో అన్నాడు. అందరూ నవ్వారు. ఆమె చెవిన పడింది "నెగ్రా" ఒక్కటే. ల్యాబ్‌లో పక్కన పనిచేసే మెక్సికన్ అమ్మాయి పుణ్యమా అని దాని అర్థం తెలుసు. నల్లది. రెండు సంబంధాలు తప్పిపోయింది ఆ మాటతోనే. అత్తవారింట పడ్డదీ ఆ మాటే. ఇంతదూరం వచ్చి, కన్నకూతురి పెళ్ళిలో మళ్ళీ అదే. నిండు సభలో తెర ఖాళీగా ఉంటే ఆయన మొహం ఎలా ఉంటుందో చూడాలి, అంతే.

అప్పుడే ఆన్సెల్మో కొడుకుతో ఫోన్లో మాట్లాడుతూ వంటింట్లోకి వచ్చాడు. ఆమెను చూసి నవ్వుతూ మళ్ళీ ఆ మాటే అన్నాడు.

శశికళ ఇక ఆగలేదు. ఆయన కళ్ళెదుటే డిస్కును ముక్కలు ముక్కలుగా కత్తిరించింది.

చప్పుడుకు ఇషా పరుగెత్తుకొచ్చింది. "అమ్మా, ఏం చేశావు నువ్వు?"

"మూడేళ్ళుగా నన్ను నల్లది అంటున్నాడే మీ మామగారు. నవ్వుతూ అంటున్నాడు. ఇప్పుడు నవ్వమను."

ఇషా తెల్లబోయింది. మామగారిని ఏదో అడిగింది, ఆయన చెప్పింది విని కుర్చీలో కూలబడింది.

"అది నెగ్రా కాదమ్మా. కొన్సుయెగ్రా. కోడలి అమ్మని అలా పిలుస్తారు. ఇంగ్లీష్‌లో ఆ వర్డే లేదు. నువ్వు చెప్తావు కదా, వియ్య... వియ్యపు..."

"వియ్యపురాలు," అంది శశికళ.

"యా, అదే. మా వియ్యపురాలు నా షుగర్ గుర్తుపెట్టుకుని రోజూ నాకు సెపరేట్‌గా కాఫీ ఇస్తుంది అని ఫోన్‌లో చెప్తున్నారు."

శశికళ కత్తెరను పక్కన పెట్టింది. పాతికేళ్ళ పైగా ఈ దేశంలో ఆమె అందరికీ మేడమ్, కాకపోతే ఆంటీ. వరస పెట్టి పిలిచిన పరాయి దేశస్థుడు ఈయనొక్కడే. ఆన్సెల్మో ఒక ముక్క తీసి కిటికీ వెలుతురులో పట్టి చూశాడు.

సాయంత్రం హాలు నిండింది. ఆన్సెల్మో మైకు తీసుకుని, సినిమా లేదన్నాడు. నలభై మూడోసారి ఇక్కడే చస్తాననీ, చంపేది తన కొన్సుయెగ్రా అనీ వచ్చీరాని ఇంగ్లీషులో చెప్పాడు. అందరూ ముందు వరుస వైపు చూశారు. శశికళ ఎలా లేచిందో, స్టేజీ ఎలా ఎక్కిందో ఆమెకే తెలియదు. ఆయన ఆమె పిడికిలిని తన గుండెకు ఆనించుకున్నాడు. కళ్ళు పెద్దవయ్యాయి. మోకాళ్ళు మడతపడ్డాయి. తెరను పట్టుకుని జారి, ఆమె కాళ్ళ దగ్గర పడిపోయాడు. హాలంతా లేచి నిలబడింది.

నిండు సభలో ఆయన పడిపోవాలని, మూడేళ్ళుగా ఆమె కోరుకున్నది ఇదే. శశికళకు కన్నీళ్ళు ఆగలేదు. ఆయన పక్కన కూలబడి, పెళ్ళినాడే పిలవాల్సిన పిలుపు ఇప్పుడు పిలిచింది.

"లేవండి, అన్నయ్యగారూ."