ఉంటా మరి

మా కాలనీలో ఇళ్ళన్నీ ఒకే అచ్చులో పోసినట్టుంటాయి. తెల్ల గోడలు, పచ్చ గడ్డి, గేటు మీద గుండ్రటి దీపం. మా ఇంట్లో ఆరు గదులు, మనుషులం ముగ్గురం. ఎదురుపడేది ఫ్రిజ్ దగ్గరే.

వెనకింటి పొడుగోడిదీ నా ఈడే, పదహారు. సాయంత్రాలు ఇంటర్‌కామ్‌లో మాట్లాడుకునేవాళ్ళం. వాడి గొంతు వింటుంటే ఎక్కడో వాన మొదలైనట్టుండేది. హాస్టళ్ళలో పెరిగాడు కదా, మాట తీరు తెలీదు. చివర్లో "సరే, పెట్టేస్తున్నా" అని టక్కున పెట్టేసేవాడు.

"అలా అనకూడదురా మొద్దూ! ఉంటా మరి అనాలి."

"ఉంటానా? ఎక్కడ?"

"ఎక్కడేంటి, నా దగ్గరే."

"అయితే ఉంటా మరి, టీచరమ్మా," అని నవ్వాడు.

మర్నాడు పొద్దున్నే క్లబ్బు ఈతకొలనులో ఒక్కడే దిగాడు. మునిగిపోతే మధ్యాహ్నం దాకా ఎవరూ చూడలేదు. కాలనీ వాట్సాప్ గ్రూపు నిండా దండాల బొమ్మలు పెట్టారు. వాటి కిందే ఎవరో అడిగారు, కొలను మళ్ళీ ఎప్పుడు తెరుస్తారని. వాళ్ళమ్మా నాన్నా ఇంటికి తాళమేసి వెళ్ళిపోయారు.

నిన్న సాయంత్రం వాన. కరెంటు పోయింది. నాన్న ఊళ్ళో లేరు, అమ్మ ఇంకా ఆఫీసులోనే. గొట్టంలోంచి వాన నీళ్ళు దిగుతున్న చప్పుడు వింటూ సోఫాలో ముడుచుకుని కూర్చున్నాను. అప్పుడు ఇంటర్‌కామ్ మోగింది.

కరెంటు లేకుండా...

ఎత్తాను. ముందు కొలను నీళ్ళ బ్లీచింగ్ వాసన. తర్వాత గొంతు. తడిగా... బాగా దగ్గరగా...

"నేనేనే."

సిగ్గు లేకుండా చెప్తున్నాను, ముందు నా గుండె సంతోషంతోనే ఎగిరింది. తర్వాతే గుర్తొచ్చింది, వాడు లేడని.

"ఎ... ఎక్కడున్నావు?"

"మీ తలుపు దగ్గర. ఉంటానన్నానుగా. మా ఇంటికి తాళమేశారు, ఎక్కడుండను మరి?"

తలుపు అవతల టప్... టప్... అది వాన కాదు. పిడి మీద చెయ్యి వేశాను. తీస్తే ఈ ఇంట్లో నాకూ ఒక మనిషుంటాడు. తీస్తే... మనిషేనా?

తియ్యలేకపోయాను.

"వద్దురా," గుసగుసలాడాను. "ఈ ఒక్కసారికీ పెట్టేస్తున్నా అను. నా మంచివాడివి కదూ."

పిడి వదిలేసి వెనక్కి జరిగాను.

"అలా అనకూడదన్నావుగా..."

కరెంటొచ్చింది. బయట కారు ఆగింది. అమ్మ తాళంచెవితో తలుపు తీసుకుని లోపలికొచ్చింది, ఫోన్ చెవికి ఆనించుకునే. నా వైపు చూడలేదు. తలుపు బార్లా వదిలేసి గదిలోకి వెళ్ళిపోయింది. పరిగెత్తుకెళ్ళి మూశాను. బయట ఎవరూ లేరు. బ్లీచింగ్ వాసన మాత్రం హాల్లోంచి వస్తోంది.

ఈ పొద్దున అమ్మ చెప్పులు వేసుకుంటూ కూడా ఫోన్లోనే ఉంది. "సరే, పెట్టేస్తున్నా," అంది ఎవరితోనో. నేను పక్కనే ఉన్నాను. సరిదిద్దలేదు.

మేడమెట్ల పైనుంచి మగపిల్లాడి గొంతు...

"ఉంటా మరి అనాలి, ఆంటీ."

అమ్మ తలెత్తలేదు. "ఆఁ, ఉంటా, ఉంటా," అంటూ బయటికెళ్ళి తలుపు లాగేసింది.