హామర్ లేని పిస్తోలు

అచ్చుతప్పులుంటే మన్నించాలి. మా ఆయన పోయాక, అరవై రెండో ఏట అక్షరాలు దిద్దాను. ఒత్తుల దగ్గర ఇప్పటికీ చెయ్యి తడబడుతుంది. ఒక్క పేజీకి రెండు రోజులు పడుతుంది. ఆయన సినిమాలకు తుపాకులు అద్దెకిచ్చేవారు. వాటిని విప్పి తుడిచి నూనె పెట్టే పని నాది. అందుకని తుపాకుల సంగతిలో మాత్రం తప్పు దొర్లదు. కథ కూడా నాలాగా నెమ్మదిగా నడవదు.

టేపు నిడివి పదకొండు సెకన్లు.

ముందు ఎవరిదో రొప్పు. తర్వాత ఒక కొత్త గొంతు: "సాక్షి ఎక్కడ?"

ప్రేమ్ చంద్ గొంతు: "చెప్పను."

"అయితే నీ డిపార్ట్‌మెంట్ ఇచ్చిన పిస్తోలుతోనే పో."

టక్. ఢాం. బరువైనదేదో నేలకు కొట్టుకున్న చప్పుడు.

జూబ్లీహిల్స్‌లో, కేటరింగ్ కంపెనీ బోర్డు వెనక ఉన్న గదిలో, గూఢచారి విభాగం చీఫ్ ఆదినారాయణ ఫోన్ పక్కన పెట్టాడు. ఎదురుగా ఏజెంట్ బెన్‌హర్ నిలబడి ఉన్నాడు. ప్రేమ్ చంద్, అతనూ పద్నాలుగేళ్ళు ఒకే జట్టుగా పనిచేశారు.

"కూర్చో. ఏడుపు తర్వాత."

"ఏడవట్లేదు సార్."

"మంచిది. మూడు రోజుల క్రితం లాస్య ఫోన్‌కి వచ్చింది ఈ టేపు. అదే రోజు కాలిపోయిన కారు దొరికింది. లోపల శవం, ప్రేమ్ ఉంగరం. పక్కన ప్రేమ్ పిస్తోలు. శవంలో గుండు దానిదే. నిన్న పాతిపెట్టాం. ఇక పని చూద్దాం."

లాస్య సినిమా హీరోయిన్. రాడార్ డ్రాయింగులు కొనే విదేశీ ముఠా విందులకు ముఖ్య అతిథి. అక్కడ విన్నది ఇక్కడ చెప్పినందుకు ఆదినారాయణ ఆమెకు జీతమిస్తున్నాడు.

"నెగెటివ్ ఎక్కడుంది?" అడిగాడు బెన్‌హర్.

నెగెటివ్ అంటే సాక్షి. పేరు హరిణి, రాడార్ ఇంజనీరు. ముఠా నాయకుడి ముఖం చూసి, ఇంకా ప్రాణాలతో ఉన్నది ఆమె ఒక్కతే.

"ల్యాబ్‌లోనే. ప్రేమ్ నోరు విప్పకుండా చచ్చాడుగా. చోటు మార్చే పనేముంది? సాయంత్రం నాలుగింటికి మేజిస్ట్రేట్ ముందుకి తీసుకెళ్తాం. ఈలోగా నువ్వు ఆ కొత్త గొంతు ఎవరిదో పట్టు. వెనకాల ఏమైనా చప్పుళ్ళున్నాయేమో వినిపించు ఎవరికైనా."

బెన్‌హర్ కళ్ళజోడు పెట్టుకున్నాడు. దాని కాడలో మైకు ఉంది, చెవి దగ్గర స్పీకరు ఉంది.

"ప్రేమ్ భార్య..." అన్నాడు.

"తెరెసాకి పెన్షన్ శాంక్షనైంది. వెళ్ళు."

*

ఫిల్మ్ నగర్‌లో ఒక సెల్లార్. లోపల ఇసుక తట్టలు, కంకర తట్టలు, పాత బూట్లు, తలుపు గడియలు. తెర మీద హీరో నడిస్తే ఇక్కడ ఇసుకలో నడిచేది తబిత. ముప్పై ఏళ్ళుగా తెలుగు సినిమాలో సగం మంది అడుగుల చప్పుడు ఆవిడదే.

టైము మూడు దాటి పది నిమిషాలు.

తబిత హెడ్‌ఫోన్స్ పెట్టుకుని ఒక్కసారి వింది. నవ్వింది.

"ఇదెందుకు తెచ్చావు బాబూ? ఇది నా పనే."

"నీ పనంటే?"

"ఆ టక్ ఈ పెట్టె గడియ. ఆ పడ్డం ఇదిగో, ఈ తడి గోనెసంచి. లాస్యమ్మగారు వచ్చి చేయించుకుంది, ఏదో వెబ్ సిరీస్ ట్రైలరంట. మాటలు ఆవిడే తెచ్చింది. తుపాకీ చప్పుళ్ళు నేను పెట్టా. బానే వచ్చింది కదా?"

బెన్‌హర్ చొక్కా కింద నుంచి పిస్తోలు తీశాడు. మ్యాగజైన్ లాగేసి, ఛాంబర్ ఖాళీ అని రెండుసార్లు చూసి, బల్ల మీద పెట్టాడు. ప్రేమ్ పిస్తోలూ ఇదే మోడల్.

తబిత దాని వెనక భాగం తడిమింది. "దీనికి హామర్ ఏది, వెనకుండే సుత్తి?"

"ఉండదు. లోపల స్ప్రింగు మీద ఒక సూది ఉంటుంది. స్ట్రైకర్ అంటాం. పైనున్న ఈ స్లైడ్ లాగినప్పుడు సగం బిగుసుకుంటుంది. ట్రిగ్గర్ నొక్కితే మిగతా సగం బిగిసి జారిపోతుంది. మొదటి గుండుకీ పదో గుండుకీ ఒకటే నొక్కుడు. బొటనవేలితో వెనక్కి లాగడానికి బయట ఏమీ..."

తన మాట తనకే వినబడి ఆగిపోయాడు.

ఈ పిస్తోలు పదేళ్ళుగా అతని నడుముకి ఉంది. టేపు ఇరవైసార్లు విన్నాడు. ఆదినారాయణా విన్నాడు. ఫోరెన్సిక్ వాళ్ళూ విన్నారు. టక్ మనడానికి హామరే లేని పిస్తోలు టక్ మంది. ఒక్కరికీ అనుమానం రాలేదు. అందరివీ సినిమాలు చూసి పెరిగిన చెవులే.

"మరి దేనికి వస్తుంది ఈ చప్పుడు?" తబిత అడిగింది.

"సింగిల్ యాక్షన్‌కి వస్తుంది. హామర్‌ని ముందే వెనక్కి లాగి నిలబెట్టాలి. ఇక ట్రిగ్గర్‌కి వదలడం ఒక్కటే పని. గోరంత కదిలిస్తే చాలు. డబుల్ యాక్షన్‌లో ట్రిగ్గరే హామర్‌ని వెనక్కి తోసి, తనే వదుల్తుంది. నొక్కుడు పొడుగు, బరువు. చెయ్యి వణుకుతుంది. కొన్ని పిస్తోళ్ళు మొదటి గుండుకి డబుల్, ఆ తర్వాత స్లైడే హామర్‌ని లాగి పెడుతుంది కాబట్టి సింగిల్."

"నేను అన్నిటికీ టక్ పెడతా నాయనా. పెట్టకపోతే డైరెక్టర్లు ఊరుకోరు. హీరో పిస్తోలు తీశాక టక్ మనకపోతే హాల్లో ఒక్కడు భయపడడు."

టేపు దొంగది. అంటే ప్రేమ్ చంద్ బతికే ఉన్నాడు. నోరు విప్పకుండా చచ్చాడని నమ్మిస్తే సాక్షిని చోటు మార్చరు. అందుకే చచ్చాడు.

బెన్‌హర్ అప్పటికే మెట్లెక్కుతున్నాడు.

"బాబూ, ఆ కారులో మరి కాలింది ఎవరు?" కింద నుంచి తబిత అరిచింది.



*

"సార్, ప్యాకప్. ల్యాబ్ గుట్టు పోయింది. ప్రేమ్ అమ్మేశాడు."

కళ్ళజోడు కాడలో ఆదినారాయణ ఊపిరి వినబడింది. "అక్కడికి ఫోన్ కలవదు. సెట్‌లో అందరి ఫోన్లూ గేటు దగ్గరే తీసేసుకుంటారు, సీన్లు లీక్ అవుతాయని. నువ్వే పరుగెత్తు."

ల్యాబ్ అంటే కారవాన్. ఫిల్మ్ నగర్ స్టూడియోలో వరసగా ఆగి ఉన్న పదహారు కారవాన్లలో ఏడోది. హరిణిని హీరో తల్లి వేషంలో, తెల్ల విగ్గు పెట్టి అందులో దాచారు.

స్టూడియో గేటు చేరేసరికి మూడు ముప్పై అయిదు. లోపల నలభై మంది పోలీసులు. అందరికీ ఖాకీ, అందరి నడుములకీ తుపాకులు. కాల్పుల సీను తీస్తున్నారు. హంతకుడు పిస్తోలు చేత్తో పట్టుకుని నడిచినా ఎవరూ తిరిగి చూడని చోటు, ఈ ఊరు మొత్తానికీ అదొక్కటే.

గేటు దగ్గర కాపలావాడు అతని పిస్తోలు లాగేసుకున్నాడు. "అసలుది లోపలికి నహీ సార్. కార్డు గిట్ల నాకు చూపెట్టకు."

ఖాకీ వేషంలో ఉన్నవాళ్ళ తుపాకులు ఎవరూ అడగట్లేదు. వాదించడానికి టైము లేదు. ఏడో కారవాన్ దగ్గర డ్రైవర్ నాగసాయి బీడీ కాలుస్తున్నాడు.

"ఎవరైనా లోపలికి పోయిండ్రా?"

"ఇప్పుడే ఒక ఇన్‌స్పెక్టర్ సార్ పోయిండు. అమ్మతోని సీను ఉందన్నడు. ఏమైంది సార్, గట్ల చూస్తున్నరు?"

బెన్‌హర్ డ్రైవర్ సీటు పక్క నుంచి లోపలికి దూరాడు. అడ్డుగా ఉన్న తెర చివర కొద్దిగా పక్కకి జరిపాడు.

అద్దం ముందు కుర్చీలో హరిణి. తెల్ల విగ్గు పక్కకి జారింది. ఆమె చెవికి ఆనించిన రివాల్వర్. దాన్ని పట్టుకున్న ఇన్‌స్పెక్టర్, నిన్న పాతిపెట్టిన ప్రేమ్ చంద్.

"కళ్ళు మూసుకో అమ్మాయ్," అంటున్నాడు. "మూసుకుంటే తొందరగా అయిపోతుంది. బయట యాక్షన్ అనగానే."

బయట మెగాఫోన్ గరగరలాడింది. "రెడీ... రోల్..."

రివాల్వర్‌లో గుళ్ళుండే తిరిగే పీపా ఉంటుంది, సిలిండర్ అంటారు. హామర్ కిందికి ఉన్నప్పుడు ట్రిగ్గర్ నొక్కితే, ఆ పీపా ఒక గది తిరగాలి, హామర్ వెనక్కి పోవాలి, అప్పుడు గుండు. పీపా తిరగకపోతే ట్రిగ్గర్ కదలదు. అదే హామర్ ముందుగా లాగి పెట్టి ఉంటే పీపా అప్పటికే తిరిగిపోయి ఉంటుంది. పీపాని ఎంత బిగించి పట్టుకున్నా పేలుతుంది.

బెన్‌హర్ హామర్ వైపు చూశాడు. కిందికే ఉంది. పదేళ్ళు హామర్ లేని పిస్తోలు మోసినవాడికి బొటనవేలి సంగతి గుర్తుండదు.

"యాక్షన్!"

తెర చిరిగింది. బెన్‌హర్ రెండు చేతులూ పీపా మీద బిగిశాయి. ప్రేమ్ నొక్కాడు. వేలు తెల్లబడింది. ట్రిగ్గర్ కదలలేదు. మళ్ళీ నొక్కాడు. బయట నలభై తుపాకులు టపటపమన్నాయి.

హరిణి కళ్ళు మూసుకోలేదు. జుట్టు వంకీలు తిప్పే కడ్డీ అద్దం ముందు కాలుతూ ఉంది. తీసి ప్రేమ్ మెడకి అదిమి పట్టింది. కమురు వాసన వచ్చేదాకా తియ్యలేదు. బెన్‌హర్ రివాల్వర్‌ని పక్కకి మెలితిప్పాడు. ట్రిగ్గర్‌లో ఇరుక్కున్న వేలు చెరుకుముక్కలా విరిగింది.

"కట్! వన్ మోర్!" బయట మెగాఫోన్.

ప్రేమ్ కింద కూర్చుండిపోయాడు. "అన్నా," అన్నాడు. "పెద్ద మొత్తం అన్నా. నువ్వైనా తీసుకునేవాడివే."

"హరిణిగారూ, బయట నాగసాయి దగ్గర నిలబడండి."

ఆమె వెళ్ళింది. బెన్‌హర్ కళ్ళజోడు సరిచేసుకున్నాడు.

"సార్. నెగెటివ్ భద్రం. ప్రేమ్ దొరికాడు. బతికే ఉన్నాడు."



"ఏ ప్రేమ్?" అన్నాడు ఆదినారాయణ. "ప్రేమ్ చంద్‌ని నిన్న గౌరవంగా పాతిపెట్టాం. చనిపోయినవాళ్ళని అరెస్ట్ చెయ్యడానికి మన దగ్గర ఫారం లేదు."

ప్రేమ్‌కి ఆ మాట వినబడలేదు. బెన్‌హర్ ముఖం చూస్తే అర్థమైంది. "అన్నా, ఒక్కసారి తెరెసాతో మాట్లాడనీ."

"తెరెసా నిన్న సమాధి మీద పడి ఏడ్చింది. మళ్ళీ ఏడిపించమంటావా?"

"తను ఏమైపోతుందన్నా?"

"పెన్షన్ వస్తుంది. నువ్వు బతికుంటే రాదు."

బెన్‌హర్ బొటనవేలితో హామర్ వెనక్కి లాగాడు. టక్. ఈసారి ఆ చప్పుడు ఏ పెట్టె గడియదీ కాదు. ట్రిగ్గర్‌కి ఇక ఒక్క పనే మిగిలింది, గోరంత పని.

బయట "యాక్షన్" అనేదాకా ఆగాడు.

*

మూడో కారవాన్‌లో లాస్య గోళ్ళకి రంగు వేయించుకుంటోంది. బెన్‌హర్‌ని చూసి పనిమనిషిని పంపేసింది.

"ఎంతసేపట్లో పట్టారు?"

"నువ్వే చేయించావు టేపు."

"నేనే. హామర్ లేని పిస్తోలు కాబట్టి టక్ వద్దని తబితకి చెప్పమన్నారు వాళ్ళు. నేను చెప్పలేదు." గోళ్ళ మీద ఊదుకుంది. "నాకు రెండు వైపులా జీతం బెన్‌హర్‌గారూ. మీరు గెలిస్తే, కావాలనే వదిలానని చెప్పుకోడానికి నాకొక తప్పు మిగిలుండాలి."

"కారులో కాలినవాడు ఎవరు?"

"జూనియర్ ఆర్టిస్టు. ప్రేమ్ ఎత్తు, ప్రేమ్ లావు. వేషం ఉందంటే వచ్చాడట."

"పేరు?"

లాస్య నిజంగానే ఆలోచించింది. "ఏదో ఉండే ఉంటుందండీ."

బెన్‌హర్ చెయ్యి నడుములో దోపుకున్న ప్రేమ్ రివాల్వర్ దగ్గరికి పోయింది. చెవిలో ఆదినారాయణ గొంతు చల్లగా పలికింది. "ఆమె జోలికి పోకు. వచ్చే నెల వాళ్ళ విందు ఉంది."

నాలుగింటికి హరిణి మేజిస్ట్రేట్ ముందు నిలబడి, ముఠా నాయకుడి ముఖం పూసగుచ్చినట్టు చెప్పింది. ఆరింటికి వాణ్ణి విమానాశ్రయంలో పట్టుకున్నారు. ఏడో కారవాన్‌లోంచి తీసిన శవం ఎవరిదో తెలియదని రాసి, దిక్కులేని శవాలతో కలిపి కాల్చేశారు.

తెరెసా ప్రతి ఆదివారం చర్చి అయ్యాక స్మశానానికి వెళ్ళి, ప్రేమ్ చంద్ అని చెక్కిన రాయి మీద తెల్ల చామంతులు పెడుతుంది. సినిమాల్లో ఇరవై ఏళ్ళు గుంపులో నిలబడిన ఆ జూనియర్ ఆర్టిస్టుకి చివరికి పేరున్న వేషం దొరికింది. డైలాగే లేదు.

— బాలాత్రిపురసుందరి, వయసు అరవై ఎనిమిది, ఇప్పుడు ఉంటున్నది మోతీనగర్‌లో.