చప్పుడు లేని పరీక్ష

పొద్దున్నే తండ్రి మోచేయి తగిలి కాఫీ గ్లాసు కిందపడింది.

"కళ్లెక్కడ పెట్టుకున్నారండీ? పక్కనేగా పెట్టాను!" తల్లి కసురుకుంది.

పక్కనే. ఎడమపక్క. మొన్న తలుపు కొట్టుకుని కమిలిన భుజమూ ఎడమదే. కూతురు చేస్తున్న పని ఆపి తండ్రి వంక చూసింది.

యూనివర్సిటీలో ఆమె పరిశోధన ఇలాంటి కంటిజబ్బు మీదే. ఎదుటి చూపు బాగానే ఉంటుంది, పక్కలు మాత్రం చడీచప్పుడు లేకుండా చీకటైపోతాయి. కానీ తండ్రిని ల్యాబులో తనే పరీక్షించింది కదా! తెర అంచున చుక్క వెలిగినప్పుడల్లా బటన్ నొక్కాలి. ఆయన ఒక్కటీ వదల్లేదు. ఆరోగ్యమైన కళ్లని మురిసిపోతూ రాసుకుంది కూడా.

ఆయన స్కూలు వ్యాను తాళాలు తీసుకున్నాడు.

"నాన్నా, ఆగు. ఆ రోజు చుక్కలన్నీ నిజంగా కనిపించాయా?"

"ఇప్పుడెందుకమ్మా ఆ గోల? పిల్లలు ఎదురుచూస్తుంటారు."

"కనిపించాయా, లేదా?"

ఆయన నసిగాడు. "కొన్ని కనిపించలేదు. చుక్క వచ్చినప్పుడల్లా నీ మిషను టిక్కుమనేది. బండి చప్పుళ్లు విని బతికే చెవులాయె! టిక్కుమంటే నొక్కేశా. నా వల్ల నీ చదువు దెబ్బతినకూడదనీ..."

"కూతురి దగ్గరే దొంగ పరీక్షా!" తల్లి నెత్తి కొట్టుకుంది.

కూతురికి అప్పుడు అర్థమైంది. తను బిగించిన యంత్రమే తండ్రికి జవాబులు అందించింది. అది నమ్మి తను ఆయన్ని రోజూ రోడ్డు మీదికి పంపింది.

"కూర్చో నాన్నా. కుడికన్ను చేత్తో మూసుకో. నా ముక్కు వంకే చూడు. వేళ్లు కదిలితే చెప్పు."

ఆయన ఎడమవైపుకి చెయ్యి చాచి వేళ్లు ఆడించింది. ఈసారి ఏ చప్పుడూ లేదు.

"ఊఁ, కానివ్వమ్మా. ఎప్పుడు మొదలుపెడతావ్?"

వేళ్లు ఆడుతూనే ఉన్నాయి. వెనకాల నిలబడి చూస్తున్న తల్లి వెక్కింది.

ఆ చప్పుడు ఆయనకు వినపడింది. చెయ్యి దించి, కూతురి ముఖంలోకి చూశాడు.

"మొదలుపెట్టేశావా?"

ఆమె తలూపింది.

"ఆ వైపు నుంచే కదమ్మా పిల్లలు రోడ్డు దాటేది!" అన్నాడాయన. తాళాలు ఆమె చేతిలో పెట్టేశాడు. "ఇక నాకేం కనపడదా?"

"ఉన్న చూపు కాపాడొచ్చు నాన్నా. ఇప్పుడే డాక్టరు దగ్గరికి పోదాం. భయంగా ఉందా?"

"చచ్చేంత."

"నాక్కూడా."

తల్లి స్కూలుకి ఫోన్ చేసి వ్యాను రాదని చెప్పింది. ముగ్గురూ వీధిలోకి వచ్చారు. కూతురు తండ్రి చెయ్యి పట్టుకుని, ఆయనకు ఎడమపక్కన నడిచింది.