పాండా ఇంట్లో మంగళసూత్రం

ఖాలిదాకు భర్త మీద ఒకటే ఫిర్యాదు. ఫ్రిజ్ తలుపు తీసి, కళ్లెదురుగా ఉన్న పెరుగు గిన్నె కనపడక, "యాడ పెట్టినావే?" అని కేక పెడతాడు. పదిహేడేళ్ల కాపురంలో ఆ గిన్నె చోటు మారలేదు. ఇట్లాంటి మనిషికి జీతమిచ్చి మరీ, పోయిన వస్తువులు వెతకమన్నారంటే ఆ కంపెనీ ఎట్లా నడుస్తోందో ఆమెకు అంతుపట్టదు.

ఆ శనివారం మధ్యాహ్నం 12:18కి కూడా బాబ్జాన్ పెరుగే వెతుకుతున్నాడు.

ఫోన్ మోగింది. పార్కు మేనేజర్, అరబిక్‌లో.

"పాండా హౌస్‌లో దొంగతనం. పెళ్లి గొలుసట. దొంగ కూడా దొరికాడు. నువ్వొచ్చి రిపోర్టు రాస్తే చాలు."

బాబ్జాన్ ఒకప్పుడు కడపలో హెడ్ కానిస్టేబుల్. ఇప్పుడు సౌదీలో, దమ్మామ్ శివార్లలోని ఓ ప్రైవేట్ జంతు పార్కుకు సెక్యూరిటీ ఇన్వెస్టిగేటర్. బయట ఎడారి. లోపల ఏసీ. ఆ ఏసీలో నూరా అనే పాండా. టికెట్ కొంటే అద్దం బయట నుంచి చూడొచ్చు. ఇంకాస్త పెద్ద టికెట్ కొంటే 'కీపర్ ఫర్ ఎ డే'. పొద్దున ఎనిమిది నుంచి పన్నెండు దాకా పాండాకు వెదురు మొయ్యొచ్చు, పేడ ఎత్తొచ్చు. ఇంట్లో తిన్న కంచం తియ్యని మగవాళ్లు కూడా ఇక్కడ పేడ ఎత్తి ఫోటో దిగుతారు.

12:31కి బాబ్జాన్ అక్కడున్నాడు.

లాకర్ గది ముందు నలుగురు. ధహ్రాన్‌లో ఇంజినీరు ఉదయకిరణ్ అటూ ఇటూ తిరుగుతున్నాడు. అతని భార్య సృజన బెంచీ మీద తల దించుకుని కూర్చుంది. ఆమె మెడలో తెల్ల దారం, దారానికి ఒక పసుపు కొమ్ము. పక్కనే అత్తగారు జయ. విజిట్ వీసా మీద కాకినాడ నుంచి వచ్చి నెలైంది.

నాలుగో మనిషి గోడకు ఆనుకుని నిలబడ్డాడు. లింబాద్రి. జగిత్యాల దగ్గర పల్లె. నూరా బాగోగులు చూసేది అతనే. అప్పటికే అతని బూట్లు విప్పించారు.

"ఆఫీసర్, ఇట్స్ సింపుల్," అన్నాడు ఉదయకిరణ్. "ఇవాళ నా వైఫ్ బర్త్‌డే, కీపర్ టికెట్ కొన్నాను. ఎనిమిదింటికి చైన్ లాకర్‌లో పెట్టింది. పన్నెండు పదికి తీస్తే లేదు. మాస్టర్ కీ ఇతని దగ్గరే ఉంది. కెమెరా చూశాం. 9:42కి లోపలికెళ్లాడు. 9:46కి బయటికొచ్చాడు. ఇంకేం కావాలి?"

"లాకర్ గదిలో కెమెరా లేదు కదా సార్?"

"బట్టలు మార్చుకునే గదిలో ఎలా ఉంటుంది?"

"అవున్లెండి."

బాబ్జాన్ సృజన వైపు తిరిగాడు.

"గొలుసు మీరే పెట్టినారామ్మా?"

"అవునండి." తలెత్తలేదు.

"ఏ అరలో?"

"పై అరలో... హ్యాండ్‌బ్యాగ్ పక్కన."

"దేంట్లో అయినా చుట్టి పెట్టినారా?"

ఆమె అత్తగారి వైపు చూసింది. "ఊరికే పెట్టానండి."

"ఈ పసుపు కొమ్ము?"

జవాబు జయ చెప్పింది. "నేనే కట్టాను నాయనా. పోయిందని తెలియగానే. ఐదోతనం ఉన్న పిల్ల మెడ క్షణం కూడా బోసిగా ఉండకూడదు. నా బ్యాగులో ఎప్పుడూ ఒకటుంటుంది."

బాబ్జాన్ తలూపి నోట్‌బుక్‌లో రాసుకున్నాడు. 12:10, పసుపు కొమ్ము.

తర్వాత లింబాద్రి.

"లోపలికి ఎందుకు పోయినావు?"

"గ్లౌజులకు వోయిన సార్."

"గ్లౌజులు తీసుకోను నాలుగు నిమిషాలా?"

లింబాద్రి చెయ్యి కుడి జేబు మీదికి పోయింది.

"గొలుసు చూసినావా?"

"నేను ముట్టలే సార్. నాకు తెల్వది."

"మరి లోపల ఏం చేసినావు?"

లింబాద్రి ముఖం ఎర్రబడింది. నేల చూశాడు. కానిస్టేబుల్ ఉద్యోగంలో బాబ్జాన్ అట్లాంటి చూపులు చాలా చూశాడు. ఆ చూపుకు ఒకటే అర్థమని అప్పుడు నేర్పించారు.

జేబులు తీయించాడు. తాళాల గుత్తి. సౌదీలో ఉండేందుకిచ్చే ఇకామా కార్డు. కుడి జేబు మూలలో పసుపు రంగు పొడి, రొట్టె తునకల్లాంటివి.

12:50కి పార్కు వెనక పనివాళ్ల క్యాంపులో, కంటెయినర్ గదిలో అతని ట్రంకు పెట్టె తెరిపించాడు. గదిలో ఉండే మరో ఐదుగురు గుమ్మంలో నిలబడి చూశారు. మూడు జతల బట్టలు. జండూబామ్. ప్లాస్టిక్ ఫోల్డర్‌లో కాగితాలు. ఒక నోటుబుక్కు. అందులో రోజుకో గీత: నూరా తిన్న వెదురు, మిగిల్చిన వెదురు, వేసిన పేడ. అన్నీ కిలోల్లో, గ్రాముల్లో. ఎవరూ అడగకుండా రాసుకున్నవి.

గొలుసు లేదు. లింబాద్రి పెట్టె మూసి, గొళ్లెం పెట్టి, వాళ్లను దాటుకుని నడిచాడు.

లాకర్ గది చూసుకునే మహబూబ్బీ ఆ లాకర్ గది గుమ్మం దగ్గరే కాపు కాసింది. ఆమెది రాయచోటి.

"సార్, లింబాద్రి పని అయిపోయినట్లేనా?"

"ఏమి మహబూబ్బీ, అట్లంటావు?"

"రేపు పొద్దున ఆయప్పకు కఫాలత్, అదే స్పాన్సర్, మారతాది సార్. సప్లై కంపెనీ నుంచి పార్కు మీదికి. ఇకామాలో కీపర్ అని పడతాది. ఏడేండ్లు క్లీనర్ అనే కాగితం మీదనే పాండాను సాకినాడు. ఇప్పుడు దొంగతనం కేసంటే ఇంకేముంది? జైలు, ఆ తర్వాత ఫైనల్ ఎగ్జిట్ కొట్టి ఊరికి పంపేస్తారు."

"మేనేజర్ ఏమన్నాడు?"

"రెండు గంటలకు పోలీసులకు ఫోన్ చేస్తాడంట."

బాబ్జాన్ గడియారం చూశాడు. 1:04.

"పొద్దున ఆ అమ్మికి డ్రెస్ ఇచ్చింది నువ్వే కదా?"

"నేనే. నీలం ఓవరాల్, బూట్లు. ఫారం మీద సంతకం కూడా పెట్టించినా. ఒంటిమీద లోహం ఉండకూడదని. జంతువు మింగితే చస్తాది కదా."

"గొలుసు తియ్యడం చూసినావా?"

"లేదు సార్. నేను ఇవతలికి వచ్చేసినా. లోపల అత్తాకోడళ్లు ఇద్దరే. బూట్ల లేసులు కూడా ఆ పెద్దమ్మే కట్టింది."

"అత్త లోపలే ఉండిందా?"

"ఉండింది. ఎనిమిదీ పది దాకా. ఏదో గుసగుస. బయటికొచ్చి కాఫీ షాపులో కూర్చుంది."

బాబ్జాన్ నోట్‌బుక్ తెరిచి, 12:10 అన్న అంకె కింద గీత గీశాడు. మళ్లీ గీశాడు.

1:10. ఉదయకిరణ్ ఫోన్ అడిగాడు. పొద్దుటి నుంచి 212 ఫోటోలు. అందులో సగం ఉదయకిరణ్ ముఖమే. మిగతావాటిని బాబ్జాన్ ఒక్కొక్కటిగా వేళ్లతో పెద్దవి చేసి చూశాడు.

1:22. పాండా వంటగది. గోడకు వేలాడే షీటు చదివాడు. నూరాకు వండిన ఆవిరి కేకులు: పన్నెండు. పెట్టినవి: పదకొండు.

బాబ్జాన్ లింబాద్రిని పక్కకు పిలిచాడు. గొంతు తగ్గించాడు.

"పొద్దున ఏమి తిన్నావు?"

లింబాద్రి షీటు వైపు చూశాడు.

"క్యాంపులకెళ్లి ఐదింటికే పనికొస్త సార్. మెస్ బండి పదిన్నరకు గాని రాదు. ఒకటి ఇరిగింది. నూరా ఇరిగింది తినది. పారేసుడెందుకని..."

"ఇంత మాట ముందే చెప్పుంటే?"

"ఎట్ల చెప్తా సార్? జంతువుకు వండింది తిన్ననని నలుగుట్ల చెప్పుకుంటనా? దొంగ అన్నా ఊకున్న. గా మాట మాత్రం నోట్లెకెళ్లి రాలే."

బాబ్జాన్‌కు ట్రంకు పెట్టె గుర్తొచ్చింది. గుమ్మంలో నిలబడ్డ ఐదుగురూ గుర్తొచ్చారు. ముందే షీటు చూసి ఉంటే ఆ పెట్టె తెరవక్కర్లేదు. అతను ఎక్కడ చూడాలో తెలియక నేలకేసి చూశాడు.

1:35. అందరినీ అద్దం ముందుకు పిలిచాడు. మేనేజర్ కూడా వచ్చాడు. అద్దం వెనక నూరా కాళ్లు చాపుకుని, వెదురు గడ పళ్లతో చీలుస్తోంది.

"ఆఫీసర్, పోలీసుల్ని పిలిచారా?" అన్నాడు ఉదయకిరణ్.

"పిలుస్తాం సార్. ముందు అమ్మగారిని ఒక మాట అడగాల." జయ వైపు తిరిగాడు. "కడపలో మా పక్కింటి సుబ్బమ్మత్త కూడా మీ మాదిరే. సూత్రాలు గుచ్చేదానికి గొలుసు తీస్తే, ముందు పసుపు కొమ్ము కట్టుకున్నాకే తీసేది. తర్వాత కట్టుకునేది కాదు. మీ ఇంట్లో ఎట్లమ్మా?"

జయ చేతిలోని బ్యాగును గట్టిగా పట్టుకుంది. "అంతేగా... ముందే కట్టాలి."

"కోడలు ఎనిమిదింటికి గొలుసు తీసిందన్నారు. మీరు పక్కనే ఉన్నారు. బ్యాగులో కొమ్ము ఉంది. మరి మెడ నాలుగు గంటలు బోసిగా ఎట్ల ఉండనిచ్చినారు?"

జయ కోడలి వైపు చూసింది. మేనేజర్‌కు ఒక్క ముక్క అర్థం కాలేదు. కానీ అందరి ముఖాలూ చూసి తనూ ఊపిరి బిగబట్టాడు.

"గొలుసు లాకర్‌లో పెట్టలేదు," అన్నాడు బాబ్జాన్. "ఓవరాల్ లోపల మెడలోనే ఉండింది. ఇదిగో సార్, మీరు తీసిన ఫోటోనే. 9:31. ఉక్కకు జిప్పు కాస్త దించుకున్నారు. వెదురు కట్ట గుండెకు హత్తుకుని మోస్తున్నారు. కాలర్ పక్కన సన్నగా బంగారు గీత. 9:37 ఫోటోలో కట్ట లేదు. గీతా లేదు."

ఉదయకిరణ్ ఫోన్ లాక్కున్నాడు. పెద్దది చేశాడు. ఇంకా పెద్దది చేశాడు.

"అంటే... చైన్ ఎక్కడుంది?"

"వెదురు కొమ్మకు చిక్కుకుని కట్టలో పోయింది. ఆ కట్ట లోపల నూరా ముందర..."

మాట పూర్తి కాలేదు. లింబాద్రి అప్పటికే పరుగెత్తాడు. తన మీద పడ్డ నింద పోయిందో లేదో కూడా కనుక్కోలేదు. బూట్లు లేవు. ఒట్టి కాళ్లు.

"నూరా! రావే బిడ్డా! ఇటు రా!"

పక్క గది కటకటాల దగ్గర తేనె నీళ్ల గిన్నె మోగించాడు. నూరా మెల్లగా తలతిప్పింది. నోట్లో వెదురు. ఆలోచించుకుంది. లేచింది. ఒక అడుగు. ఇంకో అడుగు. సృజన అద్దానికి రెండు చేతులూ ఆనించి నిలబడింది. ఆమె పెదవులు కదులుతున్నాయి. నూరా వెనక కటకటాల తలుపు జారి మూసుకుంది.

లింబాద్రి మోకాళ్ల మీద కూర్చుని వెదురు ఒక్కో రెమ్మా విదిల్చాడు. మొదటి కట్ట. రెండో కట్ట.

1:52. మూడో కట్టలో, ఆకుల మధ్య.

కొక్కెం విరిగింది. రెండు సూత్రాలూ ఉన్నాయి. గొలుసు తునక కూడా పోలేదు. నూరా ఇంకా ఆ కట్ట దాకా రాలేదు.

లింబాద్రి గొలుసును కుళాయి కింద కడిగి, తన చేత్తో ఇవ్వడానికి సందేహించి, మహబూబ్బీకి అందించాడు. ఆమె సృజన ఒళ్లో పెట్టింది.

ఉదయకిరణ్ గట్టిగా ఊపిరి వదిలాడు. "ఓకే. థ్యాంక్ గాడ్. దొరికింది కదా. సారీ భాయ్." లింబాద్రి భుజం తట్టబోయాడు. లింబాద్రి చీపురు తీసుకోవడానికి వంగాడు. చెయ్యి గాల్లో ఆగింది.

"రిపోర్టులో మిస్‌ప్లేస్డ్ అని రాసెయ్యండి ఆఫీసర్. లాకర్ ప్రాబ్లం అనుకున్నాం, కాదని తేలింది. అంతేగా. మా కంపెనీ దాకా వెళ్లడం దేనికి?"

మేనేజర్ అరబిక్‌లో ఏదో అడిగాడు. బాబ్జాన్ తెలుగులో చెప్పాడు.

"ఒకటే అడుగుతాన్నాడు. లింబాద్రి మీద ఫిర్యాదు చేసినవాళ్లు, అది తప్పని నోటితో చెప్పాలంట. వస్తువు దొరికిందంటే చాలదు. దొంగిలించి, భయపడి అక్కడ పడేసినాడని కూడా రాయచ్చు కదా అంటాన్నాడు. అట్లయితే రేపు కఫాలత్ మారదు."

కేకు సంగతి రాయాల్సిన గడిలో 'ఒకటి, కీపర్ చేత క్వాలిటీ చెక్ చేయబడినది' అని అప్పటికే రాసేశాడు. ఒక్క గడి ఖాళీ. అతను పెన్ను ఎత్తి పట్టుకున్నాడు.

ఉదయకిరణ్ గడియారం చూసుకున్నాడు.

"నేనే తియ్యొద్దన్నాను," అంది జయ చిన్నగా. "ఇంట్లో శుభమా అని పుట్టినరోజు పూట... లోపల దాచుకో, ఎవరు చూస్తారు అన్నాను. మీరు అదే రాసుకోండి. పెద్దదాన్ని, నన్నేమీ అనరు."

"మీరన్నది దాచుకోమని, అత్తయ్యా." సృజన గొలుసు పిడికిట్లో పట్టుకుని లేచింది. "దొంగతనం అని మీరు అనలేదు."

"సృజనా, కూర్చో," అన్నాడు ఉదయకిరణ్. "నువ్వు సంతకం పెట్టిన ఫారం ఉంది, తప్పు మన మీదికొస్తుంది. యూ డోంట్ అండర్‌స్టాండ్."

ఆమె కూర్చోలేదు. అద్దం పక్క తలుపు దగ్గరకు నడిచింది. లోపల లింబాద్రి విదిల్చిన వెదురు మళ్లీ కట్టలు కడుతున్నాడు. తలెత్తలేదు.

"లింబాద్రి గారూ."

చెయ్యి ఆగింది. ఏడేళ్లలో ఆ పార్కులో ఎవరూ అతని పేరుకు ఆ 'గారు' తగిలించలేదు.

"లాకర్ తీసి చూసినప్పుడే నాకు తెలుసు, అందులో ఉండదని. ఎక్కడో జారిపోయిందని తెలుసు. ఫారం మీద సంతకం పెట్టాను కదా, ఏం చెప్పాలో తోచక లాకర్‌లో పెట్టానన్నాను. ఈయన మీ పేరు ఎత్తారు. మీ బూట్లు విప్పించారు. మీ పెట్టె తెరవడానికి తీసుకెళ్లారు. అప్పుడైనా చెప్పొచ్చు. చెప్పలేదు. నూరా దగ్గర పడి ఉంటుందేమో అని కూడా ఒకసారి అనిపించింది. అయినా నోరు మూసుకుని కూర్చున్నాను."

ఆమె వెనక్కి తిరిగి, బాబ్జాన్ పెన్ను వైపు చూసి, మేనేజర్‌కు కూడా వినపడేలా గొంతు పెంచింది.

"రాసుకోండి. ఆయన తియ్యలేదు. నేను అబద్ధం చెప్పాను. తప్పు నాది."