పాండురంగారావు పోసిన పునాది

తెనాలి మార్కెట్ సెంటర్లో, అలవాటైన హోటల్లో, అలవాటైన బల్ల దగ్గర కూర్చుని పాండురంగారావు కాఫీ తాగాడు. గ్లాసు కింద పెట్టాడు. కళ్ళజోడు తీసి తుడుచుకోబోయాడు. కళ్ళజోడు కింద పడింది, వెనకే ఆయనా పడిపోయాడు.

చూసినవాళ్ళు గుండెపోటన్నారు. లాబ్ రిపోర్టు విషమంది.

ఏజెంట్ సాదియా ఆ రిపోర్టును చీఫ్ ప్రకాశరావు ఎదుట కూర్చునే చదివింది. పాండురంగారావు ఆమెకు కేసు కాదు. పక్కింటి బాబాయ్. లెక్కలు నేర్పింది ఆయనే, సైకిల్ నేర్పిందీ ఆయనే.

"చంపింది డెస్మండ్. 'హార్బర్' అనే విదేశీ ముఠా మనిషి," అన్నాడు ప్రకాశరావు. "బాపట్ల పాత లాంచ్ ప్యాడ్ తెలుసుగా?"

"దాని కాంక్రీటు దగ్గరుండి పోయించింది బాబాయే సార్."

ఒకప్పుడు గాలివాటం కొలిచే చిన్న రాకెట్లు ఆ ప్యాడ్ మీంచి ఎగిరేవి. ఓ తుఫాను టవర్‌ని సముద్రంలోకి ఈడ్చుకుపోయింది. కాంక్రీటు దిమ్మ, మంట పోయే కాలువ, పక్కన బంకరు మిగిలాయి. పైవాళ్ళు వాటిని మర్చిపోయారు. జాలర్లు దిమ్మ మీద చేపలు ఎండబెట్టుకున్నారు. పాండురంగారావు మాత్రం రిటైరయ్యాక కూడా ఆఫీసుల చుట్టూ చెప్పులరిగేలా తిరిగాడు. దిమ్మ చెక్కుచెదరలేదు, దీన్నే వాడండి, ఇంకో ఊరి పొలాలెందుకు తీసుకుంటారు అని ప్రాణం తీశాడు. చివరికి విన్నారు. ఆదివారం ఆ దిమ్మ మీంచే కొత్త రాకెట్ లేవబోతోంది.

"రాకెట్ ప్యాడ్ మీదే పేలాలని వాళ్ళ ప్లాన్," అన్నాడు ప్రకాశరావు. "పాత పునాది పగిలి పేలిందని లోకం నమ్మాలి. శాటిలైట్ల బేరాలన్నీ వాళ్ళ దేశపు ప్యాడ్‌కి పోవాలి. పునాది మంచిదేనని సాక్ష్యం చెప్పగలిగే మనిషి ఒక్కడే. అందుకే ముందు ఆయన్ని తీసేశారు."

చంపడం చాలక ఆయన పేరు మీద బురద చల్లుతారన్నమాట. సాదియా చేతిలో రిపోర్టు నలిగిపోయింది.

"డెస్మండ్ నాకు ప్రాణాలతో కావాలి."

"ప్రయత్నిస్తాను సార్."

"ప్రయత్నం కాదమ్మా. ఆర్డర్."

మర్నాడు రేపల్లె ప్యాసింజర్లో సాదియా జామకాయల బుట్టతో కూర్చుంది. పట్టుచీర, నల్ల కళ్ళద్దాలు, పెట్టె అంతా కమ్ముకునే సెంటుతో ఒకావిడ ఎదురుగా వచ్చి కూలబడింది.

"కాయలు లోపల ఎరుపా, తెలుపా?"

"కోస్తేగాని చెప్పలేనండి."

కోడ్ కుదిరింది. ఆవిడ ఫ్లోరెన్స్. బాపట్ల పిల్ల. హార్బర్ దగ్గర జీతం, ప్రకాశరావుకి కబుర్లు. ఎవరికి ఎంత నిజం చెబుతుందో ఆమెకే తెలియాలి.

"డెస్మండ్ ఇన్సూరెన్స్ ఇన్‌స్పెక్టర్ వేషంలో లోపలున్నాడు," అంది కాయ కొరుకుతూ. "బాంబు ఎందులో ఉందో నాకు తెలీదు. మీవాళ్ళే చేతులారా కడతారని నవ్వుకుంటుంటే విన్నా. ఇంజన్ వేడి తగలగానే పేలుతుందట."

రైలు రేపల్లెకి దగ్గరపడింది. ఫ్లోరెన్స్ కళ్ళద్దాలు తీసింది.

"ఇంకోటి. ఆయన రోజూ ఎక్కడ కాఫీ తాగుతాడో వాళ్ళకి చెప్పింది నేనే. చంపుతారనుకోలేదు, అక్కా."

సాదియా చేతిలో జామకాయలు కోసే చాకు ఉంది. దాన్ని ఆ మెడలో దించాలన్నంత కోపం వచ్చింది. వేళ్ళు ఒక్కొక్కటే వదులు చేసుకుని చాకు బుట్టలో పెట్టింది.

"పున్నమ్మ పిన్నికి ఈ మాట నీ నోటితో చెప్తావు. ఆయన భార్య. ఆవిడ ఏం చేస్తే అది పడతావు. తప్పించుకుంటే నేను వెతుక్కుంటూ వస్తా."

ఆదివారం పొద్దున్న ప్యాడ్ దగ్గర కొబ్బరికాయ కొట్టారు. హారతిచ్చారు. సేఫ్టీ సూపర్‌వైజర్ వేషంలో, హెల్మెట్ పెట్టుకుని సాదియా ప్రతి పెట్టెనీ, ప్రతి పైపునీ తడిమి చూసింది. ఏమీ దొరకలేదు. బాంబు దొరక్కముందే పట్టుకుంటే నోరు విప్పడని వదిలి ఉంచిన డెస్మండ్ ఎప్పుడో గ్యాలరీ వైపు వెళ్ళిపోయాడు. కొత్త టవర్ ఖాళీ చేయమని సైరన్ మోగింది.

ఆఖరి జీపులోంచి ఆమె వెనక్కి చూసింది. ఇంధనం పైపు పక్కనే దిష్టి గుమ్మడికాయ వేలాడుతోంది. పచ్చగా, నిగనిగలాడుతోంది.

చిన్నప్పుడు బాబాయ్ ఇంటి గుమ్మానికి తెచ్చిన బూడిద గుమ్మడికాయను ఆమె ముచ్చటపడి నీళ్ళతో కడిగేసింది. ఆయన లబోదిబోమన్నాడు. "ఏంటమ్మడూ ఇది? బూడిద పోయాక దిష్టికేం పనికొస్తుంది? ఇక పులుసులో వేసుకోవడమే." ఈ దేశంలో ఎవరూ దిష్టికాయను కడగరు. వేలిముద్రలకు భయపడేవాడు తప్ప.

చేతి గాజులో దాచిన మైకులో అరిచింది. గరగర తప్ప మాట పోలేదు. డెస్మండ్ జామర్ వేశాడు. జీపులోంచి దూకి వెనక్కి పరిగెత్తింది. ప్రయోగం ఆపమని చెప్పే దారి లేదు. ఉన్నా చెప్పేది కాదేమో. ఆపితే పాత పునాదినే అంటారు.

హెయిర్ క్లిప్‌లోని బ్లేడుతో తాడు కోసింది. తొడిమకు జిగురు అంటించి ఉంది. పెకలించింది, లోపలికి వేళ్ళు పోనిచ్చింది, చిన్నదేదో లాగి జేబులో వేసుకుంది. లౌడ్‌స్పీకర్లో అంకెలు ఒకటికి దిగుతుండగా గుమ్మడికాయతో సహా పాత బంకరులో పడి ఇనుప తలుపు మూసింది.

భూమి ఊగింది. చెవులు దిమ్మెక్కాయి. బాబాయ్ పోయించిన గోడ మాత్రం కదల్లేదు. సాదియా దానికి చెంప ఆనించి ఏడ్చింది. ఆ దిమ్మ మీంచే రాకెట్ నిటారుగా లేచిపోయింది.

రాకెట్ కక్ష్య చేరిందన్న కబురుకి గ్యాలరీలో చప్పట్లు మోగుతుంటే డెస్మండ్ గబగబా తన కారెక్కాడు. చెయ్యి స్టీరింగ్ మీద పడగానే బేడీ క్లిక్‌మంది. బంకరు దుమ్ముతో సున్నం కొట్టినట్టున్న ఒక మనిషి పక్క సీట్లోంచి లేచి అతని ఒళ్ళో గుమ్మడికాయ పెట్టింది.

"మీ సామాను మర్చిపోయారండి."

అతనికి తెలుగొచ్చు. నేర్చుకునే వచ్చాడు. "తియ్యండి. వేడి తగిలితే..."

"తెలుసు. అద్దాలు మూసి ఉన్నాయి. ఎండా బాగానే ఎక్కుతోంది. కాఫీ సంగతి చెప్పు."

సాదియా కిందికి దిగి తలుపు వేసింది. సీటు కింద దొరికిన జామర్‌ను ఆపేసి, గాజులోని మైకు అతని దగ్గరే వదిలేసింది. డెస్మండ్ మొదట దబాయించాడు. తర్వాత బతిమాలాడు. ఆ తర్వాత విషం పేరు, పోసినవాడి పేరు, పంపిన బాసుల పేర్లు వరసగా కక్కాడు. అతనికి చెమటలు కారడం అద్దంలోంచి చూస్తుంటే సాదియాకు హాయిగా ఉంది. అలా హాయిగా ఉన్నందుకు సిగ్గు కూడా వేయలేదు.

ప్రకాశరావు బాంబ్ స్క్వాడ్‌తో వచ్చేసరికి డెస్మండ్ నోట మాట లేదు. ప్రాణం మాత్రం ఉంది.

"ఫ్లోరెన్స్ పొద్దుటి నుంచి పున్నమ్మగారి గుమ్మం ముందు నిలబడి ఉందట," అన్నాడు ప్రకాశరావు. "ఆవిడ ఇంకా తలుపు తీయలేదు."

సాదియా జేబులోంచి చిన్న డిటొనేటర్ తీసి ఆయన చేతిలో పెట్టింది. ఆయన దాన్ని చూశాడు, కార్లో వణుకుతున్న మనిషిని చూశాడు.

"ఇది ఎప్పుడు పీకావు?"

"తాడు కోసినప్పుడే సార్."

"మరి వాడికి చెప్పలేదేం?"

"అడగలేదండి."