సీతాఫల్‌మండిలో దిగే మనిషి

చిలకలగూడ స్టేషన్ గడప దాటి బయటికి వస్తుండగా అండాలు మణికట్టు మీది బిళ్ళ చురుక్కుమంది. చూసుకుంది. నిన్న పడిన ఎర్ర మచ్చ పక్కన ఇంకొకటి వెలుగుతోంది.

"అండాలు గారూ, మీరు లోపలికి వెళ్ళిన స్టేషన్‌లోనే ఆరు నిమిషాలకు బయటికి వచ్చారు," అంది గడపమ్మ. "ఇది చేతిమార్పుగా నమోదైంది. ఈ నెలలో మూడవ మచ్చ పడితే మీ పయనబిళ్ళ ముప్ఫై రోజులు నిద్రపోతుంది. మీకు శుభదినం."

"నీ శుభం సల్లగుండ," అని గొణిగింది అండాలు.

గడపమ్మ అనేది జనం పెట్టిన పేరు. రవాణా మండలి కాగితాల్లో దాని పేరు ప్రవేశ నిర్ణాయకం. తలుపు లేదు, కాపలాదారు లేడు. రెండు స్తంభాలు, వాటి మధ్య ఒక గొంతు, అంతే. సొంత బండ్లు రోడ్లెక్కడం మానేసి ముప్ఫై ఏళ్ళయింది. ఇప్పుడు నగరమంతా తలల పైన తీగల వెంట పోయే తీగబండ్ల మీదే బతుకుతోంది. నెల మొదట్లో ప్రయాణాలు నింపుకున్న బిళ్ళ చేతికి ఉంటే ఎంత దూరమైనా పోవచ్చు. అది నిద్రపోయిందా, కాళ్ళు మోసినంత దూరమే లోకం.

చేతిమార్పు నిబంధన వచ్చి రెండు రోజులే అయింది. దానికీ ఒక కారణం ఉంది. బిళ్ళను పట్టీతో సహా ఊడదీసి, లోపలికి పోయినవాడు గడప దాటి వచ్చేవాళ్ళ చేత బయటివాడికి పంపడం మన జనానికి బాగా అలవాటు. ఒక్క బిళ్ళ మీద ఇంటిల్లిపాదీ పెళ్ళికి పోయివచ్చిన సందర్భాలున్నాయి. మనుషుల ముఖాలు చూడటానికి చట్టం ఒప్పుకోదు కనుక గడపమ్మకు బిళ్ళలే తెలుసు. లోపలికి పోయిన బిళ్ళ అక్కడే బయటపడితే దొంగతనమని తీర్మానించేశారు. ఎవరినో సాగనంపడానికి లోపలికి పోయే మనుషులు ఇంకా ఉంటారని ఆ నిబంధన రాసినవాళ్ళకు తోచలేదు.

అండాలు తన మొగుణ్ణి సాగనంపడానికి పోతోంది.

బాలనర్సు కుట్టుమిషన్ల మెకానిక్. నాచారంలో, స్టేషన్ ఎదురుగానే దుకాణం. రెండేళ్ళుగా మతిమరుపు మెల్లగా పట్టుకుంటోంది. తేదీలు పోయాయి, పేర్లు పోతున్నాయి. చేతులు మాత్రం ఏదీ మరచిపోలేదు. మిషను ముందు కూర్చోబెడితే సూది కదలిక విని జబ్బేమిటో చెప్పేస్తాడు. ఆ పని ఉన్నంతకాలం మనిషి నిలబడతాడని డాక్టరు చెప్పాడు. దుకాణంవాళ్ళు నాచారంలో దించుకుంటారు, సాయంత్రం బండెక్కిస్తారు. చిలకలగూడ చివరి స్టేషన్ కనుక అందరితోపాటు దిగిపోతాడు. చిక్కంతా పొద్దునే. చిలకలగూడలో మూడు దారుల బండ్లు ఒకే మెట్టు దగ్గర ఆగుతాయి. సరైన పెట్టెలో కూర్చోబెట్టి, బండి కదిలేదాకా కిటికీ దగ్గర నిలబడాలి. అప్పుడాయన చెయ్యి ఎత్తి "పోయొస్త, అండాలు" అంటాడు. పోతున్న అనడు. అట్లా అనకూడదని వాళ్ళమ్మ నేర్పింది. ఆ ఒక్కటీ ఇంకా మరచిపోలేదు.

అండాలు నేరుగా స్టేషన్ అధికారి గదిలోకి నడిచింది. అధికారి పేరు నస్రీన్, ముప్ఫై ఏళ్ళుంటాయేమో. కూర్చోమని కుర్చీ చూపించింది.

"అమ్మా, మీ సంగతి నాకు అర్థమయింది. కానీ మచ్చ తుడిచే అధికారం నాకు లేదు. ఒక దారి ఉంది. తోడుబిళ్ళ తీసుకోండి. సార్ బిళ్ళ మీ బిళ్ళల కలిసిపోతది. ఎన్నిసార్లు లోపలికి పోయినా, బయటికొచ్చినా అడిగేటోళ్ళుండరు."

అండాలు ముఖం విప్పారింది. "గంతేనా? ఇయ్యి మరి."

"దానికి ఒక పత్రం గావాలె. ఆయన ఒంటరిగ తిరగలేడని."

"ఇస్తే?"

నస్రీన్ చెప్పింది. "ఆ పత్రం అదే రోజు ఆయన పనిచేసే జాగకు గూడ పోతది. తోడుబిళ్ళ ఉన్న మనిషిని మిషన్ల మీద పెట్టుకోనీకి చట్టం ఒప్పుకోదు."

"అంటే ఇంట్ల గూసోవాలె."

"అంతే, అమ్మా."

"గూసుంటే ఏమైతడో డాక్టర్ జెప్పిండు నాకు," అంది అండాలు. గొంతు పెంచలేదు. "ఆయన చేతులకెళ్ళి మిషన్ గుంజుకునే కాయిదం మీద నేను దస్కత్ పెట్ట. మీ నిబంధనల పుస్తకం ఉందా?"

ఎవరూ అడగని పుస్తకం. నస్రీన్ అలమారాలో వెతికి, దుమ్ము దులిపి ఇచ్చింది. అండాలు బయట బెంచీ మీద కూర్చుని ముప్ఫై ఒక్క నిబంధనలూ, కింద చిన్న అక్షరాలతో సహా చదివింది. తొమ్మిదింటికి బస్తీలో పిల్లల గది తెరవాలి. పన్నెండుమంది పసిపిల్లలకు ఆమె, ఇంకొకామె ఆయాలు. అయినా కదలలేదు. చివరికి లేచి మళ్ళీ లోపలికి వచ్చింది.

"బిడ్డా, పక్క స్టేషన్ల దిగితే?"

"సీతాఫల్‌మండిలనా? అది ప్రయాణమే, అమ్మా. మచ్చ పడది."

"అయితె ప్రయాణమే జేస్త."

మర్నాటి నుంచి అండాలు మొగుడితోపాటు బండెక్కింది. నాలుగు నిమిషాలకు సీతాఫల్‌మండి వచ్చేది. "పైలం. నాచారంల దిగు," అని చెప్పి దిగేది. ఆయన చెయ్యి ఎత్తేవాడు. అక్కడి నుంచి రెండు కిలోమీటర్లు వెనక్కి నడక. నడిస్తే తొమ్మిదింటికి అందుకోగలదు. నాచారం దాకా పోతే అందుకోలేదు. తిరుగు ప్రయాణం బండిలో చెయ్యడానికి ఆమె బిళ్ళలో అన్ని ప్రయాణాలు లేవు. వానకాలం వచ్చింది. గొడుగు పట్టుకుని నడిచింది. మోకాలు వాచింది. ఆవాలనూనె రాసి, గుడ్డ కట్టి నడిచింది. మొండితనంలో ఆమెను మించినవాళ్ళు బస్తీలో లేరు, ఆ సంగతి ఆమెకూ తెలుసు.

కొన్ని రోజులకు ఆ దారిలో ఇంకొందరు కనిపించసాగారు. చూపు తక్కువైన చెల్లెల్ని కాలేజీ బండెక్కించే అక్క, నిండు చూలాలైన కోడల్ని పనికి సాగనంపే అత్త. అందరూ ఒక స్టేషన్ పోయి, దిగి, కబుర్లాడుకుంటూ వెనక్కి నడిచేవారు. చిలకలగూడ, సీతాఫల్‌మండి మధ్య గిరాకీ అనూహ్యంగా పెరిగిందని మండలి సంతోషించి, పొద్దుటి బండికి ఒక పెట్టె ఎక్కువ తగిలించింది. నస్రీన్ ఆ ఉత్తర్వు చదివి నవ్వాలో ఏడవాలో తెలియక ఫైల్లో పెట్టేసింది.

నాలుగు నెలలు అలాగే గడిచాయి.

ఒక గురువారం అండాలు ఎప్పటిలాగే సీతాఫల్‌మండిలో దిగి గడప వైపు నడుస్తోంది. వెనక ఎవరో వస్తున్న చప్పుడు. తిరిగి చూసింది. బాలనర్సు. బండి అప్పటికే తలుపులు మూసుకుని కదిలిపోయింది.

"అయ్యో, ఎందుకు దిగినవయ్యా?" అంది.

ఆయన కొంచెం మొహమాటంగా నిలబడ్డాడు. పరాయి ఆడమనిషితో మాట్లాడేటప్పుడు నిలబడినట్టు, రెండడుగులు ఎడంగా.

"ఏమనుకోకమ్మా. రోజు జూస్తున్న నిన్ను. ఈడ ఒక్కదానివే దిగుతవు, కుంటుకుంట పోతవు. నీకెవరు లేరా?"

అండాలు ఆయన ముఖంలోకే చూస్తూ నిలబడింది.

"పద. ఇంటిదాక సాగనంపుత," అన్నాడు బాలనర్సు.

ఇద్దరూ గడప దాటారు. రెండు బిళ్ళలూ పచ్చగా వెలిగాయి. ఇద్దరు ప్రయాణికులు ఒక చోట ఎక్కి, మరో చోట దిగారు. గడపమ్మకు అందులో తప్పేమీ కనిపించలేదు. "మీకు శుభదినం," అంది.

దారి పొడుగునా ఆయన ఆమె నడకకు తగ్గట్టు మెల్లగా నడిచాడు. గుంత వచ్చినచోట "పైలం" అన్నాడు. అండాలు ఏడుపు దిగమింగుకుంటూ నడిచింది. నాలుగు నెలలుగా రోజూ ఆయన కళ్ళ ముందు దిగి వెళ్ళిపోతున్న మనిషి తానే. వెళ్ళిపోతున్నదని ఆయన మనసు రోజూ కొంచెం కొంచెంగా నేర్చుకుంది. కిటికీ దగ్గర నిలబడి పంపే భార్యను కాస్తా, సీతాఫల్‌మండిలో దిగిపోయే ఎవరో ఆడమనిషిగా మార్చేసుకుంది. ఆయన పనిని కాపాడటానికి తాను దొరకబుచ్చుకున్న దారే ఆయన లోపల తన చోటును తినేసింది. ఎవరిని తిట్టాలో ఆమెకు తెలియలేదు.

"నీకెవరు లేరా అంటే జెప్పకపోతివి," అన్నాడాయన.

"ఉన్నడు. మా ఆయన. పనికి పోతడు."

"మంచోడేనా?"

"శాన మంచోడు," అంది అండాలు. ఈసారి కళ్ళు తుడుచుకోక తప్పలేదు.

ఇల్లు వచ్చింది. తాళం తీసింది. ఆయన తన ఇంటి గడప బయటే ఆగిపోయాడు. లోపలికి తొంగి కూడా చూడలేదు, మర్యాద కాదని.

"పైలమమ్మా. పోయొస్త," అని చెయ్యి ఎత్తి వెనుదిరిగాడు.

అండాలు గడప మీద ఒక్క క్షణం నిలబడింది. తర్వాత మళ్ళీ తాళం వేసింది. దారిలోని పిల్లల గది దగ్గర తోటి ఆయాకు ఆలస్యమవుతుందని చెప్పి, గబగబా నడిచి ఆయనను అందుకుంది.

"ఆగు. యాడికి పోవాల్నో ఎర్కనా నీకు?"

బాలనర్సు ఆలోచించాడు. ముఖం చిన్నబోయింది. "మిషన్లుంటయి గద, గాడికి."

"గా దారి నాకెర్క. నన్ను ఇంటిదాక తోలుకొస్తివి గద. ఇగ నా వంతు. పద."

చిలకలగూడ గడప పచ్చగా వెలిగింది. సరైన పెట్టె చూసి ఆయనను కిటికీ పక్కన కూర్చోబెట్టి, తను పక్కనే కూర్చుంది. బిళ్ళలో ఈ నెలకు మిగిలిన ప్రయాణాలెన్నో చూసుకోలేదు. అయిపోతే నాచారం దాకా నడుస్తుంది, పిల్లల గది వేళలు మార్పిస్తుంది, మండలి మెట్ల మీద పుస్తకం పట్టుకుని కూర్చుంటుంది. ముప్ఫై ఒక్క నిబంధనలు రాసినవాళ్ళు ముప్ఫై రెండోది రాయలేరా?

నాలుగు నిమిషాలకు సీతాఫల్‌మండి వచ్చింది. తలుపులు తెరుచుకున్నాయి. బాలనర్సు ఆమెకు దారి ఇవ్వడానికి మోకాళ్ళు పక్కకు జరుపుకున్నాడు.

"నీ జాగ వచ్చింది, అమ్మా."

అండాలు కదలలేదు. ఆయన చెయ్యి అందుకుని తన ఒళ్ళో పెట్టుకుంది. నూనె మరకలు ఎన్నడూ వదలని చెయ్యి.

"నేనీడ దిగ," అంది. "ఇగ రోజూ నీతోనే దిగుత."

ఆయన చెయ్యి వెనక్కి తీసుకోలేదు. తలుపులు మూసుకున్నాయి.